తెర లేవకముందే: ఒక సంవాదము

వసిష్ఠ గోదావరికి చేరువనున్న పెనుగొండ, వాసవీ కన్యకాపరమేశ్వరి జన్మస్థలమని ఆంధ్రదేశమంతట ప్రసిద్ధి గన్నది. నగరేశ్వరస్వామి దర్శనమునకై దూరప్రాంతములనుండి వచ్చు యాత్రికుల సందడి ఆ ఊరి వీథులలో ఏడాది పొడవునను వినబడుచునే యుండును. ఆ వీథులలో నొకదానియందు కంప్యూటర్లు బాగుచేయు చిన్న దుకాణము కలదు. దాని యజమానికి చిన్ననాడు గణితము చెప్పి, ఉద్యోగవిరమణము చేసి, ఇప్పుడు సాయంకాలపు వేళ ఆ దుకాణమునకే వచ్చి కూర్చుండు మాష్టారికిని, ఆ యజమానికిని నడుమ నడచిన వాదమును నేనిచట వ్రాయుచున్నాను. విషయము వీడియోగేములకు సంబంధించినదగుటచే పెద్దలు దీనిని చదువదగనిదిగా తలంచి పుట త్రిప్పివేయుదురేమో యను శంక నాకు లేకపోలేదు. కాని పిల్లలున్న ప్రతి యింటను ఈనాడు ఏదో యొక తెర వెలుగుచునే యున్నందున, ఆ తెరను దిద్దు అధికార మెవరిది, ఎచ్చటనుండి దిద్దవలెను అను ప్రశ్న అందరిదియు ననియే నా యభిప్రాయము.

వాదమునకు మూలమైన సంగతి చిన్నది. కళాశాలలో చదువుచున్న యొక పిల్లవాడు పాత పదునేడంగుళముల మానిటరును కొని తెచ్చి తన కంప్యూటరునకు తగిలించుకొనగా, అంతకుముందు పెద్ద తెరపై చక్కగ నడచుచుండిన ఒక పాత ఆట తెరచిన మరుక్షణమే నల్లబడి, ‘అవుట్ ఆఫ్ రేంజ్’ అను మాట మాత్రము తెర నడుమ తేలినది. అతడు ఆ యంత్రమును ఈ దుకాణమునకు తేగా, యజమానియైన శిష్యుడు ఆ ఆటను తెరువనే లేదు. అది తన సెట్టింగులను దాచుకొను ఫోల్డరును వెదకి, అందలి చిన్న ఫైలును నోట్‌పాడ్‌లో విప్పి, రెండు అంకెలను మార్చి, భద్రపరచి, కుర్రవానికి అప్పగించెను. మాష్టారికి అది నచ్చలేదు.

మాష్టారు: అబ్బాయీ, నీవు చేసిన పని ఫలించినదనుటలో నాకు సందేహము లేదు, పద్ధతి మాత్రము నాకు రుచింపలేదు. కంటికి సంబంధించిన విషయమును కంటితో చూచియే నిర్ణయింపవలెను. తెర యెంత వెడల్పుండవలెనో, వెలుగెంత యుండవలెనో, నీడలెంత చిక్కగ నుండవలెనో, ఆట నడచుచుండగా చూచి, ఎక్కువైనచో తగ్గించి, తక్కువైనచో హెచ్చించి, సరిపడినచోట నిలుపుట ప్రత్యక్షప్రమాణము. నీవు ఆటను తెరువకయే 1920 కొట్టివేసి 1280 అని వ్రాసితివి. అది అనుమానప్రమాణము. ప్రత్యక్షము చేతనుండగా అనుమానమున కేల పోవలెను?

శిష్యుడు: చేతనున్నచో పోనక్కరలేదు, మాష్టారూ. ఆ పిల్లవానికి ప్రత్యక్షమైనది నల్లతెర యొక్కటే గదా! ఆట ప్రారంభమగునపుడు జరుగు క్రమమును మనవి చేసెదను, వినుడు. మొదట అది తన సెట్టింగుల ఫైలును చదువుకొనును. అందు వ్రాసియున్న వెడల్పును, ఎత్తును, సెకనుకు తెర ఎన్నిమారులు మారవలెనను లెక్కను గ్రాఫిక్స్ కార్డునకు చెప్పును. కార్డు ఆ ప్రకారము సంకేతమును తయారుచేసి మానిటరునకు పంపును. మానిటరు దానిని అందుకొనగలిగినచో బొమ్మ వచ్చును, లేనిచో రాదు. ఆ పాత మానిటరు 1280 పిక్సెళ్ల వెడల్పు, 1024 పిక్సెళ్ల ఎత్తు గలది. ఫైలులో నున్నది 1920, 1080. తమరు చెప్పిన మెనూ ఆ రాని బొమ్మలోనే యున్నది. మెనూ కనబడవలెనన్న సెట్టింగు మారవలెను. సెట్టింగు మారవలెనన్న మెనూ కనబడవలెను. తార్కికులు దీనిని అన్యోన్యాశ్రయదోష మందురని తరగతిలో తమరే మాకు చెప్పియుంటిరి. ఆ దోషమునుండి బయటపడుటకు రెంటికిని వెలుపలనున్న మూడవ దారి యొకటి కావలెను. ఆ దారియే ఫైలు.

మాష్టారు: దోషమున్నదని ఒప్పుకొందును. కాని దానికి చికిత్స కూడ లోపలనే జరుగవచ్చును. విండోసులో తెరకొలత మార్చినపుడు, ఈ మార్పు నుంచుదువా అని అది అడుగును; పదునైదు సెకనులలో జవాబు రానిచో పాత కొలతకు తానే మరలిపోవును. చూడలేనివాడు జవాబు చెప్పలేడని గ్రహించి చేసిన ఏర్పాటది. మౌనమును కూడ ఒక జవాబుగా తీసికొనిన ఆ యోచన నాకెంతయో నచ్చినది. ఆటలు చేయువారందరును దానినే పాటించినచో నీ మూడవ దారి యెందులకు?

శిష్యుడు: ఆ యోచన నాకును నచ్చినదే. అన్రియల్ ఇంజనుతో చేసిన ఆటల ఫైలులో, ఆటగాడు చివరిసారి సమ్మతించిన కొలతను వేరుగ వ్రాసి యుంచుకొను పంక్తులు కూడ నున్నవి. అదియు తమరు మెచ్చిన జాగ్రత్త వంటిదే. కాని ఆ ఏర్పాటు, సెట్టింగును తానై మార్చినవానిని కాపాడును. ఈ పిల్లవాడు సెట్టింగును మార్చలేదు, మారినది మానిటరు. స్నేహితుని హార్డుడిస్కు తెచ్చి తగిలించుకొన్నవాడును, ఇంటిలోని టీవీకి తీగ కలిపినవాడును ఇట్టి చిక్కులోనే పడుదురు. స్టీమ్ వంటి చోట్ల ఆటగాని ఫైళ్లు ఇంటర్నెట్టున భద్రమై, అతడు వేరొక కంప్యూటరునందు కూర్చున్నపుడు అచ్చటికి దిగివచ్చును గదా. అందువలననే తెరకు సంబంధించిన సెట్టింగులను, అనగా ఒక యంత్రమునకు మాత్రమే చెందినవానిని, అట్లు పంపకుడని స్టీమును నడుపు వాల్వ్ సంస్థ ఆటల నిర్మాతలకు హితవు చెప్పుచున్నది. ఆ హితవును పాటింపని ఆట, పెద్ద తెర లెక్కలను మోసికొని వచ్చి చిన్న తెర ముందు నిలుచును. అపుడు పదునైదు సెకనుల ప్రశ్నను అడుగువా డెవడు?

ఈ మాటకు మాష్టారు కొంతసేపు మౌనము వహించిరి. వారిది ఓటమిని దాచుకొను మౌనము కాదు; ఎదుటివాని మాటను తన మాటగా ఒకసారి చెప్పుకొని చూచు అలవాటు గలవారు వారు. పిమ్మట వేరొక దిక్కునుండి వచ్చిరి.

మాష్టారు: సరే, అత్యవసరమున బయటి దారి కావలెననుకొందము. అది యెచ్చట నున్నదో సామాన్యున కెట్లు తెలియును? నీవు ఫోల్డరులో ఫోల్డరు, అందులో మరియొకటి, వానిలో కనబడకుండ దాచిన దింకొకటి విప్పుచు పోతివి. ఒక్కొక్క ఆటకు ఒక్కొక్క చోటు. ఇది విద్యయా, లేక రహస్యమా?

శిష్యుడు: ఈ ఆక్షేపణకు నేను తలయొగ్గుచున్నాను, మాష్టారూ. 2003లో కంప్యూటర్లకు వచ్చిన ‘జీటీఏ వైస్ సిటీ’ని తీసికొనుడు. మన నెట్‌సెంటర్లలో దానిని ఆడని కుర్రవాడు అరుదు. అది తన తెర సెట్టింగులను ‘మై డాక్యుమెంట్స్’లో తన పేరిట నున్న ఫోల్డరునందు, ‘సెట్’ అను తోకగల యొక ఫైలులో నుంచుకొనును. ఆ ఫైలు మనము చదువుటకు వీలైన అక్షరములలో లేదు; కనుక దానిని దిద్దలేము, తీసివేయగలము. తీసివేసినచో ఆట తన తొలి సెట్టింగులతో మరల మొదలగును. కాని అదే ఫోల్డరులో, ఎంతవరకు ఆడినది గుర్తుంచుకొను ఫైళ్లు కూడ నున్నవి. తొందరపడి ఫోల్డరునంతటిని తుడిచివేసి, నెలల తరబడి ఆడిన ఆటను పోగొట్టుకొని కంటతడి పెట్టిన పిల్లలు నా కౌంటరు ముందు నిలిచినారు. తమరు రహస్యమనినది ఇట్టి చోట నిజముగనే హానికరము.

ఇక ‘కౌంటర్ స్ట్రైక్’ దారి వేరు. డెస్కుటాపు మీది షార్ట్‌కట్టునకు ప్రాపర్టీసు తెరచి, టార్గెట్ అను గడి చివర, అడ్డగీత పెట్టి డబ్ల్యూ 640 అనియు, మరల అడ్డగీత పెట్టి హెచ్ 480 అనియు వ్రాసినచో, ఆట ఆ కొలతతోనే లేచును. స్టీములో నైతే ఆట పేరుమీద కుడివైపు బటను నొక్కి, ప్రాపర్టీసులోని ‘లాంచ్ ఆప్షన్స్’ అను గడిలో అవే మాటలు వ్రాయవచ్చును. ఆ తరువాత వచ్చిన సోర్స్ ఇంజను ఆటలలో ‘ఆటోకాన్ఫిగ్’ అను మాట వ్రాసినచో, యంత్రమున కెంత శక్తి గలదో చూచుకొని ఆటయే తన సెట్టింగులను తొలిస్థితికి తెచ్చుకొనును. కాని పని ముగిసిన పిదప ఆ మాటను చెరిపివేయవలెను, లేనిచో ఆటగాడు మార్చినవన్నియు తెరచిన ప్రతిసారియు తుడిచిపెట్టుకొని పోవును. అన్రియల్ ఇంజను ఆటలలో ‘గేమ్ యూజర్ సెట్టింగ్స్’ అను ఫైలున్నది. అందు వెడల్పునకొక పంక్తి, ఎత్తునకొక పంక్తి, తెర తీరునకొక పంక్తి. ఆ మూడవదానిలో సున్న యున్నచో ఆట తెరనంతటిని ఆక్రమించును, ఒకటి యున్నచో అంచులు లేని విండోగా పరచుకొనును, రెండున్నచో మామూలు విండోలో నడచును. చదువ నేర్చిన ఎవరికైనను అర్థమగునంత తేటగ నున్న ఫైలది. నేను కోరునది ఆ తేటదనమే. దానిని దాచిన చోటును నేను సమర్థింపను.

మాష్టారు: పూర్వము కూడ నిట్లే యుండెనా?

శిష్యుడు: పూర్వమే మేలు. 1993లో వచ్చిన ‘డూమ్’ అను ఆటతో, డాసు కాలమున, ‘సెటప్’ అను వేరొక ప్రోగ్రాము వచ్చెడిది. సౌండుకార్డు ఏదియో, ఏ మీట దేనికో, ఆటలో అడుగుపెట్టక ముందే అచ్చట చెప్పుకొనవలెను. 2011 నాటి ‘స్కైరిమ్’ ఆటకును ముందు చిన్న విండో యొకటి తెరచుకొని, తెరకొలతను అచ్చటనే అడుగును. యూనిటీ ఇంజనుతో చేసిన ఆటలకైతే, ఏ నిర్మాతయు శ్రమపడకుండగనే అట్టి కొలతలపెట్టె ఇంజనుతోపాటే దొరకెడిది; దానిని 2019.3 వెర్షనులో తొలగించివేసిరి. వెలుపలి ద్వారమును మూసివేసిన ఆ నిర్ణయము నాకిప్పటికిని మింగుడుపడలేదు. అడ్డగీతల మాటలు మిగిలినవి నిజమే. కాని వాని నెరిగినవారెందరు?

ఈ మాటలో శిష్యుని కంఠమున నిజమైన ఖేదము ధ్వనించినది. ఆ ఖేదము నాకును సమంజసముగనే తోచినది: ఒక ఇంజనునుండి యొక పెట్టె తొలగినచో, దానితో చేయబడిన వేలకొలది ఆటలనుండి అది తొలగినట్లే.

మాష్టారు: తెరకొలతలలోని గణితమును కూడ చూతము. 1920ని 1080తో హెచ్చించిన 20,73,600. 1280ని 720తో హెచ్చించిన 9,21,600. మొదటిది రెండవదానికి రెండుంబావు రెట్లు. సెకనుకు అరువది బొమ్మలు గీయవలసిన యంత్రము, మొదటి కొలతలో సెకనుకు 12,44,16,000 చుక్కలకు రంగు నిర్ణయింపవలెను. బలహీనమైన యంత్రమును గొప్ప కొలతలో కూర్చుండబెట్టుట దానిని హింసించుటయే. ఇంతవరకు నీతో ఏకీభవించుచున్నాను.

శిష్యుడు: అట్టి యంత్రము మెనూ వరకు రాకముందే కూలిపోవుటయు గలదు, మాష్టారూ. తెరచుటకు మూడు నిమిషములు, కూలుటకు మూడు సెకనులు. మరల తెరచుట, మరల కూలుట. దానిని బయటినుండి దింపవలసినదే. విజ్జేశ్వరము దగ్గర మన పశ్చిమడెల్టా కాలువకు నీరు వదలు తూములున్నవి గదా! చేని కెంత నీరు కావలెనో గట్టున నిలిచిన రైతునకే తెలియును. ఐనను గట్టు తెగి చేను మునిగినపుడు, మునిగిన చేనిలో నిలిచి అతడు చేయగలిగినది లేదు. ఎగువన లాకు దింపవలెను.

మాష్టారు: లాకు దింపువాడు లస్కరు, నాయనా. ఎవడుపడితే వాడు అర్ధరాత్రి లాకు త్రిప్పుకొన్నచో దిగువ ఊళ్లు ఎండును. నా అసలు భయము నీ కంప్యూటర్లను గూర్చి కాదు. అవి ఈ ఊరిలో ఎన్ని యిండ్ల నున్నవి? పిల్లలందరి చేతులలో నున్నది సెల్‌ఫోను. పబ్జీ మొబైలు ఆడు దినములలో, ‘జీఎఫ్ఎక్స్ టూల్’ అను ఆప్పులను దించుకొని, ఆటను తెరువకముందే దాని ఫైళ్లలో చేయిపెట్టి, తమ ఫోనునకు ఆట ఇయ్యని బొమ్మల నాణ్యమును, ఇయ్యని వేగమును బలవంతముగ తెచ్చుకొనిన పిల్లలను నేను చూచితిని. ఆ ఆప్పు ఎవడు చేసెనో తెలియదు. ఫోనులో నింకేమి చదువుచున్నదో తెలియదు. ఆట యజమానులు బయటి పరికరముల వాడకమును నిషేధించుటచే ఖాతా ఎప్పుడు పోవునో తెలియదు. పోటీ ఆటలలో గడ్డిని, నీడలను తీసివేసి, దాగియున్న ప్రత్యర్థిని చూచుటకై ఫైళ్లు దిద్దువారును గలరని నీవే యొకనాడు చెప్పితివి. అది సెట్టింగును మార్చుట కాదు, ధర్మమును మార్చుట. బయటి దారి తెరచి యుంచినచో దానివెంట వచ్చునది నీ వంటివాడు మాత్రమే కాదు.

శిష్యుడు: ఈ విషయమున నేను తమ పక్షమే. పబ్జీ మొబైలును 2020 సెప్టెంబరు 2వ తేదీన ప్రభుత్వము మరి 117 ఆప్పులతో కలిపి నిషేధించిన పిమ్మటను, 2021లో ‘బీజీఎంఐ’ అను పేర మన దేశమునకై అది మరల వచ్చిన పిమ్మటను, అట్టి ఆప్పులకొరకు నా యొద్దకు వచ్చిన పిల్లలకు నేను వానిని ఎక్కించి యీయలేదు. ఆండ్రాయిడ్ పదునొకండవ వెర్షనునుండి, ఒక ఆప్పు దాచుకొన్న డేటా ఫోల్డరులోనికి మరియొక ఆప్పు పోకుండ గూగుల్ అడ్డుకట్ట వేసినది, అది మంచిదే. కాని నేను సమర్థించునది వేరు. ఫోను స్వంతదారుడు తన ఫోనులో, ఫోను చేసినవారే యిచ్చిన చోటనుండి, ఆటను తెరువకయే దాని బొమ్మల భారమును తగ్గించుకొను వీలుండవలెను. కొన్ని ఫోనులలో ‘గేమ్ బూస్టర్’ అను పేర అది యున్నది. ఆండ్రాయిడ్ పండ్రెండవ వెర్షను నాటినుండి, కొన్ని ఫోనులలో, ఆటను చిన్న కొలతలో గీయించి తెరమీద పెద్దది చేసి చూపు ఏర్పాటు ఫోనులోనే వచ్చినది. అది బాటరీకిని మేలు, వేడికిని మేలు.

మాష్టారు: ఫోను చేసినవాని చేయి మాత్రము నమ్మదగినదా? 2022 మార్చిలో శామ్‌సంగు ఫోనులను గూర్చి జరిగిన రభస మరచితివా? ‘గేమ్ ఆప్టిమైజింగ్ సర్వీస్’ అను పేర ఆటల వేగమును ఆ ఫోనులు లోలోపలనే తగ్గించుచుండినవి. కొనినవానికి చెప్పలేదు, వద్దనుకొను దారి ఈయలేదు. కొరియాలో గగ్గోలు పుట్టిన పిమ్మట గాని ఆ సంస్థ క్షమాపణ చెప్పి, దిద్దుబాటు పంపలేదు. అదియు ఆటకు బయటి చేయియే. నీ సిద్ధాంతము ప్రకారము దానిని మెచ్చుకొనవలెనా?

శిష్యుడు: మెచ్చుకొనను. తమరు అన్నదానితో నా మాట కొక సవరణ కావలసి వచ్చినది. దానిని సంతోషముగ చేసికొందును. బయటినుండి దిద్దవచ్చును, కాని దిద్దు చేయి ఆటగానిదై యుండవలెను. దిద్దినది అతనికి కనబడవలెను. వద్దనుకొన్నపుడు మరలునదై యుండవలెను. ఈ మూడును లేని బయటి చేయి లోపలి లోపముకంటెను చెడ్డది.

వాదమిచట ముగిసియుండినను ఒక మంచి సంవాదమనిపించుకొనెడిది. కాని శిష్యుడు అంతవరకు చెప్పక దాచుకొన్న మాట యొకటి గలదు. దానిని చెప్పునపుడు అతడు స్వరము తగ్గించెను.

శిష్యుడు: మాష్టారూ, యంత్రములను గూర్చి యింతసేపు మాటలాడితిమి. ఫిట్స్ గల పిల్లలను గూర్చి తలంపలేదు. కొందరి మెదడు వేగముగ మిణుకుమిణుకు మను వెలుగును సహింపలేదు. 1997 డిసెంబరు 16వ తేదీన జపానులో టీవీలో వచ్చిన పోకీమాన్ కార్టూనులో ఎరుపు, నీలము వెలుగులు సెకనుకు పండ్రెండు మారులకు దగ్గరగ మారుచు మెరయగా, 685 మందిని, వారిలో హెచ్చుమంది పిల్లలను, ఆసుపత్రులకు తీసికొనిపోయిరి. 2020 డిసెంబరులో ‘సైబర్‌పంక్ 2077’ విడుదలకు ముందు దానిని సమీక్షించుచుండిన యొక మహిళకు ఆటలోని మెరుపుల వలన మూర్ఛ వచ్చినది; ఆమె లోకమునకు చెప్పిన పిమ్మట నిర్మాతలు హెచ్చరికను చేర్చి, ఆ మెరుపులను మార్చిరి. వెబ్‌పుటలకు సెకనుకు మూడు మెరుపులు మించరాదని అంతర్జాతీయ నియమమున్నది. కాని పెక్కు ఆటలలో, తెరచినంతనే నిర్మాతల చిహ్నములు, ఆపై మెరుపుల వీడియో, ఆ తరువాతనే మెనూ, ఆ మెనూలో ఎచ్చటనో ‘మెరుపులు తగ్గించు’ అను గడి. మెరుపులు చూడరానివాడు ఆ గడిని చేరుటకు మెరుపులను చూచియే పోవలెను. తమరు ప్రత్యక్షప్రమాణ మంటిరి. ఆ పిల్లవానికి ప్రత్యక్షమే ప్రమాదము.

మాష్టారు చాలసేపు మాటాడలేదు.

మాష్టారు: ఈ యొక్క మాటతో నా మొదటి ప్రతిజ్ఞ వీగిపోయినది, ఒప్పుకొనుచున్నాను. చూచి నిర్ణయింపవలెనని నేనంటిని. చూచుటయే కీడైనవాడు చూడకముందే నిర్ణయించుకొను హక్కు గలవాడు. కాని అబ్బాయీ, నీ ఫైలును మాత్రము నేనిప్పటికిని ఒప్పుకొనను. ఫిట్స్ గల బిడ్డ తల్లి, దాచిన ఫోల్డరులు విప్పి, ఇంగ్లీషు పంక్తుల నడుమ సున్నను ఒకటి చేయగలదా? ఆమెకు కావలసినది ఆట తొలి బొమ్మకు ముందు నిశ్చలమైన యొక పుట. వెలుగెంత, అక్షరములెంత, మెరుపులుండవలెనా వద్దా, శబ్దమెంత అని తెలుగులో అడుగు పుట.

శిష్యుడు: అట్టి పుట ఉన్న ఆటలును గలవు. 2020లో వచ్చిన ‘ద లాస్ట్ ఆఫ్ అస్ పార్ట్ టూ’ మొట్టమొదట తెరచినపుడే, కథ మొదలుకాక మునుపే, చూపు తక్కువవారికిని, వినికిడి తక్కువవారికిని కావలసిన సెట్టింగులను ముందు పెట్టును. అట్టివి అందు అరువదికి పైగా గలవు. తెలుగులో మాత్రము కాదు. తమ పుటను నేను శిరసావహించుచున్నాను. కాని ఆ పుటయు తెరమీది బొమ్మయే గదా! తెర యొప్పుకొనని దినమున ఆ పుటయు రాదు. ఆ దినమునకై ఫైలుండనిండు.

మాష్టారు: ఫైలు వైద్యునిది, పుట ఇంటివారిది. వైద్యుని సంచి ఇంటివారి వసారాలో ఉండరాదు.

శిష్యుడు: ఊరిలో వైద్యుడు లేనపుడు సంచియైన నుండవలెను, మాష్టారూ.

ఇరువురును ఇచ్చటనే ఆగిరి. ఒకరినొకరు పూర్తిగ ఒప్పించుకొనలేదు. ఒప్పించుకొనవలసిన యక్కరయు నాకు కనబడలేదు.

నా మట్టుకు నేను శిష్యుని పక్షమున నిలిచి, మాష్టారి షరతును దానికి చేర్చెదను. చూచుటకు సంబంధించిన సెట్టింగు చూచుటపై ఆధారపడియుండుట నిర్మాణమున నున్న తప్పు. దానిని ఆటగాని అజ్ఞానముగ లెక్కించి అతనిపై త్రోయుట అన్యాయము. ప్రతి ఆటయు తన తెర సెట్టింగులను మనుష్యులు చదువగలిగిన అక్షరములలో ఒక ఫైలున నుంచి, అది యెచ్చట నున్నదో బహిరంగముగ చెప్పవలెను. ఆడిన ఆటను దాచు ఫైళ్లతో దానిని కలిపి యుంచరాదు. తొలిబొమ్మకు ముందు నిశ్చలమైన పుట నొకదానిని, మెరుపుల ప్రశ్నతో సహా, తెరువవలెను. మైక్రోసాఫ్టు తన అభివృద్ధి కేంద్రమును హైదరాబాదులో 1998లోనే నెలకొల్పినది. ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ వంటి ఆటల సంస్థకును అచ్చట స్టూడియో గలదు. ఆ కార్యాలయములలో కూర్చుండి ఈ పనిచేయువారిలో గోదావరి జిల్లాల బిడ్డలు లేరని ఎవరనగలరు? ఆ పుటను తెలుగులో వ్రాయుటకు వారికంటె తగినవారు లేరు. ఈ విన్నపము వారికే.

చదువరులకును ఒక మాట. మీ యింట ఇట్టి చిక్కు వచ్చి ఫైలును దిద్దవలసినపుడు, ముందుగ ఆటను పూర్తిగ మూసివేయుడు. తెరచియున్న ఆట, మూయునపుడు తన పాత అంకెలను ఫైలుపై మరల వ్రాసివేయవచ్చును. ఆ పిమ్మట ఫైలునకు నకలు తీసి వేరొక పేరున భద్రపరచుడు. అటుపిమ్మటనే అంకెలను ముట్టుడు. ఫైలు చదువరానిదైనచో దానిని తుడిచివేయక, పేరు మార్చి ప్రక్కకు పెట్టుడు. ఆట క్రొత్తదానిని తానే వ్రాసికొనును. ఎవరో చేసిన ఆప్పుచేత మాత్రము ఈ పని చేయింపకుడు.